ఆట అయిపోయాక చేతిలో ఏం మిగిలింది? బొమ్మలూ పర్ఫార్మెన్సూ రెండూ చేస్తూ బతకాలనుకునేవాళ్లకి

వారానికి ఒక మెసేజైనా వస్తుంది. "అక్కా, నేను బీఎఫ్‌ఏ (ఫైన్ ఆర్ట్స్ డిగ్రీ) చేశాను, నాటకాలు కూడా వేస్తాను, రెండూ కలిపి ఏదో చేయాలనుంది, ఎక్కడ మొదలుపెట్టాలి?" అని. ఒక్కొక్కరికీ విడిగా రాసి రాసి విసుగొచ్చి చివరికి అన్నీ ఒకచోట పెడుతున్నాను. ఇది చదివి పెద్ద ఆర్టిస్టులైపోతారని నేననను. ఇన్నేళ్లలో నేను చేసిన తప్పుల్లో ఓ నాలుగైదు మీరు చేయకుండా ఉంటే చాలు.

నా గురించి కొంచెం చెప్పాలి, ఎందుకంటే ఉదాహరణలన్నీ అక్కడినుంచే వస్తాయి. మాది కోరుట్ల వైపు. అమ్మ బీడీలు చుట్టేది. నేను హైదరాబాద్‌లో పెయింటింగ్ చదివాను. చదువు అయిపోయిన ఏడాదే మొదటి పర్ఫార్మెన్స్, అంటే ఒక పనిని జనం ముందు కళగా చేసి చూపించడం, చేశాను. పొద్దున తొమ్మిదింటి నుంచి సాయంత్రం ఆరింటి దాకా ఒక హాల్లో చాట ముందేసుకుని కూర్చుని తునికాకుతో బీడీలు చుట్టడం, లోపల తంబాకుకి బదులు చిన్న చిన్న బొమ్మలు గీసిన కాగితం పెట్టడం. వెయ్యి చుట్టాలనుకున్నాను, ఎందుకంటే కూలీ వెయ్యి లెక్కనే ఇస్తారు. 640 దగ్గర వేళ్లు రాలేదు, ఆగిపోయాను. అమ్మ అయితే ఆ టైముకి వెయ్యీ చుట్టి పొయ్యి మీద అన్నం కూడా దించేది.

జనం బాగానే వచ్చారు, కొందరు గంటలకొద్దీ కూర్చున్నారు. ఫ్రెండ్ ఒకడు ఫోన్‌లో నిలువుగా పట్టుకుని వీడియో తీశాడు, ఇరవయ్యో నిమిషానికి స్టోరేజ్ నిండిపోయింది, వాడికీ తెలియదు నాకూ తెలియదు. మూడు ఫోటోలు మిగిలాయి, రెండింట్లో ట్యూబ్‌లైట్ వెలుగు తప్ప నేను లేను. బీడీలేమో వచ్చినవాళ్లు తలా ఒకటి తీసుకుపోతుంటే సంతోషంగా ఇచ్చేశాను. ఆరు నెలల తర్వాత ఒక రెసిడెన్సీకి (ఆర్టిస్టులకి కొన్నాళ్లు చోటిచ్చి పని చేసుకోనిచ్చే అవకాశం) అప్లై చేద్దామని ఫారం తెరిస్తే పది ఇమేజీలు, వీడియో లింకు అడిగింది. అంటే తొమ్మిది గంటల పని, నా వేళ్ల మీద కోతలు, అంతా చూసిన ఓ నలభై మందికి తప్ప లోకంలో ఎవరికీ జరగలేదన్నమాట.

కాబట్టి ఈ రంగంలో కెరీర్ గురించి ఎవరేం అడిగినా నేను తిరిగి అడిగేది ఒకటే, ఆట అయిపోయాక మీ చేతిలో ఏం మిగిలింది?

మనవాళ్లు ఎప్పుడో చేసిన పనే

బొమ్మా ఆటా కలపడం ఏదో విదేశాలనుంచి వచ్చిన ఫ్యాషన్ అనుకునేవాళ్లు చేర్యాల వెళ్లి చూడండి. ఇవాళ మనం గోడకి తగిలించుకునే చేర్యాల బొమ్మలు అసలు గోడ కోసం పుట్టినవి కావు. నకాషీలు, అంటే ఈ బొమ్మలు గీసే కుటుంబాలవాళ్లు, పదుల అడుగుల పొడవుండే గుడ్డ మీద పటం గీసిచ్చేవాళ్లు, కథలు చెప్పే కులాలవాళ్లు దాన్ని ఊరూరా తిప్పుతూ, కొంచెం కొంచెంగా విప్పుతూ కథ నడిపేవాళ్లు. పద్మశాలీలకి మార్కండేయ పురాణం, ముదిరాజులకి పాండవుల కథ, ఇలా ఎవరి పురాణం వాళ్లకి. ఇప్పుడు కథ చెప్పేవాళ్లు బాగా తగ్గిపోయారు, పటం చిన్న ఫ్రేముల్లోకి, కీచైన్లలోకి వచ్చింది. ధర్మవరం దగ్గర నిమ్మలకుంటలో తోలుబొమ్మలదీ ఇంచుమించు అదే కథ. తోలు కోసి, రంగులేసి, రాత్రి తెర వెనక ఆడించి, పాట కూడా పాడిన కుటుంబాలు ఇప్పుడు అదే తోలుతో ల్యాంప్‌షేడ్లు చేసి అమ్ముతున్నాయి.

ఇందులో మనకి రెండు సంగతులున్నాయి. వస్తువు మిగిలితే బతుకుతెరువు కూడా ఎంతోకొంత మిగులుతుంది, అది మొదటిది. కానీ వస్తువు ఒక్కటే మిగిలి దాని వెనక ఆట పోతే అది అలంకరణ సామాను అయిపోతుంది. మన పని రెండూ మిగిలేలా చూసుకోవడం.

ఇప్పటి వాళ్లలో నిఖిల్ చోప్రాని చూడండి. బరోడాలో పెయింటింగ్ చదివి, తర్వాత అమెరికాలో చదివి, పర్ఫార్మెన్స్‌లోకి వచ్చాడు. వేషం కట్టి, రోజుల తరబడి ఒకేచోట ఉండి, తింటూ నిద్రపోతూ వేషం మారుస్తూ పెద్ద పెద్ద బొమ్మలు గీస్తాడు. 2019లో న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలో ఇలా తొమ్మిది రోజులు ఉన్నాడు. ఆట ముగిసేసరికి బొమ్మ ఉంటుంది, వేసుకున్న బట్టలుంటాయి, ఫోటోలుంటాయి, వీడియో ఉంటుంది. అదంతా తర్వాత ఎగ్జిబిషన్‌కి పనికొస్తుంది. 2025 డిసెంబరులో మొదలైన కొచ్చి ముజిరిస్ బినాలేకి (రెండేళ్లకోసారి జరిగే పెద్ద కళా ప్రదర్శన) క్యూరేటర్‌గా, అంటే ఎవరి పని చూపించాలో ఎంచేవాళ్లుగా, ఉన్నది ఆయనా, ఆయన గోవాలో మిత్రులతో కలిసి పెట్టిన హెచ్‌హెచ్ ఆర్ట్ స్పేసెస్సే. బెంగళూరు పుష్పమాల దారి వేరు. శిల్పం చదివిన మనిషి, తొంభైల మధ్యనుంచి తనే వేషం కట్టి కెమెరా ముందు నిలబడి ఫోటో పర్ఫార్మెన్స్ చేస్తున్నారు. అక్కడ ఆట జరిగేదే ఫోటో కోసం కాబట్టి రికార్డింగ్ అనే సమస్యే లేదు. మీ పని ఈ రెండిట్లో దేనికి దగ్గరో ముందు తేల్చుకోండి. జనం ముందు చేయాలా, కెమెరా ముందు చేయాలా? రెండిటికీ ఖర్చు వేరు, ప్లాన్ వేరు.

చదువు గురించి తొందరగా చెప్పేస్తాను

హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో సరోజినీ నాయుడు స్కూల్‌లో ఫైన్ ఆర్ట్స్, థియేటర్, డాన్స్, కమ్యూనికేషన్ అన్నీ ఒకే గొడుగు కింద ఉన్నాయి. మన పనికి అంతకంటే అనువైన చోటు తెలుగు రాష్ట్రాల్లో నాకు కనిపించలేదు. మాసాబ్‌ట్యాంక్‌లో జేఎన్‌ఏఎఫ్‌ఏయూ (జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్ అండ్ ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీ), విశాఖలో ఆంధ్రా యూనివర్సిటీ ఫైన్ ఆర్ట్స్ ఉన్నాయి. బయటికి వెళ్లగలిగితే బరోడా, శాంతినికేతన్. డిగ్రీ లేకుండా చేయలేమా అంటే చేయొచ్చు, కానీ కొచ్చి బినాలేతో పాటు విద్యార్థుల పనులు పెట్టే స్టూడెంట్ బినాలే లాంటివి కాలేజీలో ఉంటేనే దొరుకుతాయి, పైగా చదువులో దొరికే ఫ్రెండ్సే తర్వాత మీ కెమెరామన్, లైట్‌బాయ్, చేబదులిచ్చేవాళ్లు. పక్క డిపార్ట్‌మెంట్ క్యాంటీన్‌లో ఎక్కువ టైం గడపండి, ఇది సీరియస్‌గానే చెప్తున్నా.

రికార్డింగ్, అంటే సగం కెరీర్

ఇక్కడ కొంచెం ఓపిక పట్టండి, ఎక్కువ చెప్పాల్సింది ఇక్కడే ఉంది.

పర్ఫార్మెన్స్ ప్లాన్ చేసిన రోజే కెమెరా ప్లాన్ కూడా చేయాలి. తక్కువలో తక్కువ రెండు కెమెరాలు. ఒకటి ట్రైపాడ్ మీద, మొత్తం చోటు కనిపించేలా, మొదలైనప్పటి నుంచి చివరిదాకా కదలకుండా. అది బోరు కొట్టే వీడియోనే, కానీ ఎక్కువ గంటలు నడిచే పనికి అదే సాక్ష్యం. రెండోది మనిషి చేతిలో. చేతులు, ముఖం, చూసేవాళ్ల ముఖాలు, నేల మీద పడ్డ ఆకు ముక్కలు. ఫోన్ సరిపోదా అంటే సరిపోతుంది, అడ్డంగా పట్టుకోవాలి, ఛార్జర్ పెట్టాలి, ముందురోజు స్టోరేజ్ ఖాళీ చేయాలి, ఎయిర్‌ప్లేన్ మోడ్‌లో పెట్టాలి. నా రెండో షోలో సరిగ్గా కీలకమైన చోట మా పిన్ని ఫోన్ చేసింది, ఆ రింగ్‌టోన్ ఇప్పటికీ ఆ వీడియోలో ఉంది. శబ్దం ముఖ్యమైన పని అయితే ఇంకో ఫోన్ దగ్గరగా, గుడ్డ కింద పెట్టి వాయిస్ రికార్డర్ ఆన్ చేయండి.

తీసేవాళ్లకి ముందురోజు కూర్చోబెట్టి పని మొత్తం చెప్పాలి. ఏ నిమిషంలో ఏం జరుగుతుంది, ఎక్కడ నిలబడితే జనానికి అడ్డం రారు, ఏ క్షణం తప్పిపోకూడదు అని. పెళ్లి వీడియోలు తీసేవాళ్లని తక్కువ అంచనా వేయకండి. పది గంటలు నిలబడి పని చేసే ఓపిక, గుంపులో దారి చేసుకునే తెలివి వాళ్లకున్నంత ఎవరికీ ఉండదు. డ్రోన్ షాట్లు, స్లో మోషన్ వద్దని ముందే చెప్పండి, అంతే.

షో అయిన వారంలోపు మూడు పనులు చేయాలి, వారం దాటితే ఎప్పటికీ చేయరు. పది మంచి ఫోటోలు ఏరాలి. రెండు మూడు నిమిషాల వీడియో కట్ చేయాలి, ఎందుకంటే వందల అప్లికేషన్లు చూసే జ్యూరీ మీ తొమ్మిది గంటలు చూడదు. మొదటి ఇరవై సెకన్లలోనే అసలు పనేంటో కనిపించాలి, పేర్లూ మ్యూజిక్కూ తర్వాత. మూడోది, ఒక పేజీ రాసుకోవాలి. ఏం అనుకున్నాం, ఏం జరిగింది, ఎవరేమన్నారు. నా షోలో ఒక పెద్దాయన "ఇంతకీ కార్ఖానా ఎవరిది బిడ్డా?" అని అడిగిన మాట రాసుకున్నాను కాబట్టి గుర్తుంది, తర్వాతి రెండేళ్ల పని మొత్తం ఆ ప్రశ్న నుంచే వచ్చింది.

ఫైల్ పేరులో తేదీ, పని పేరు, తీసినవాళ్ల పేరు పెట్టండి. మూడు కాపీలు, ఒకటి హార్డ్‌డిస్క్‌లో, ఒకటి క్లౌడ్‌లో, ఒకటి వేరే ఇంట్లో. ప్రతి ఫోటో కింద ఒకే వరుసలో పని పేరు, ఏడాది, ఎన్ని గంటలు, వాడిన వస్తువులు, చేసిన చోటు, ఫోటో ఎవరిది అని రాయండి. "పర్ఫార్మెన్స్, 9 గంటలు, తునికాకు, దారం, కత్తెర, చాట" అని చూడగానే చదివేవాడికి సగం పని కళ్లముందు కనిపిస్తుంది.

నాలుగు పనులు, ఒకే గొడవ

బొమ్మలేస్తారు, నటిస్తారు, పాడతారు, వీడియో ఎడిటింగ్ కూడా వచ్చు. పోర్ట్‌ఫోలియోలో అన్నీ పెడితే చూసేవాళ్లకి అంగడి సంచి విప్పినట్టు ఉంటుంది. ఎన్ని మీడియాలైనా ఉండనీయండి, మిమ్మల్ని వదలని గొడవ ఏమిటో అది ఒకటే ఉండాలి. నాది కూలీ లెక్క, అంటే మనిషి చేతి పనిని వేలల్లో వందల్లో ఎట్లా లెక్కగడతారన్నది. డ్రాయింగ్ అయినా, కూర్చుని చుట్టడమైనా, అమ్మ గొంతు రికార్డ్ చేసిన సౌండ్ పీస్ అయినా అన్నీ ఆ ఒక్క దారానికే గుచ్చుకున్నాయి. మీ ఆర్టిస్ట్ స్టేట్‌మెంట్ (మీ పనేంటో మీరే రాసుకునే నాలుగు మాటలు) కూడా దాంతోనే మొదలుపెట్టండి. "నా కళ అస్తిత్వానికీ శూన్యానికీ మధ్య సంభాషణ" అని రాస్తే మీ పని గురించి ఒక్క ముక్క కూడా తెలియదు. "మా అమ్మ రోజుకి వెయ్యి బీడీలు చుట్టేది" అంటే తెలుస్తుంది. ముందు తెలుగులో రాసి, మీ ఇంట్లో ఎవరికైనా చదివి వినిపించండి. వాళ్లకి అర్థమైతే అప్పుడు ఇంగ్లీష్‌లోకి మార్చండి.

డబ్బులు

మొదటి ఐదారేళ్లు ఇందులోంచి ఇల్లు గడవదు. ఇది నిరాశపెట్టడానికి చెప్పట్లేదు, ప్లాన్ చేసుకోమని చెప్తున్నా. పక్క పని ఎలాంటిది పెట్టుకుంటారన్నది చాలా ముఖ్యం. సినిమా ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో డబ్బులుంటాయి, సెట్ పని భలే నేర్చుకోవచ్చు, కానీ షెడ్యూల్ మొదలైతే మీకంటూ ఒక్క సాయంత్రం మిగలదు. నేను ఏడాదిన్నర చేసి బయటికొచ్చాను. స్కూల్లో వారానికి మూడు రోజులు డ్రాయింగ్ క్లాసులు, మిగతా రోజులు సొంత పని, నాకు కుదిరింది ఇదే. పెళ్లి మంటపాల డెకరేషన్ కూడా చేశాను, సీజన్ రెండు నెలలు చేస్తే ఆరు నెలల అద్దె వచ్చేది, సిగ్గుపడాల్సిందేం లేదు.

గ్రాంట్ల సంగతికొస్తే, కేంద్ర సాంస్కృతిక శాఖ 18 నుంచి 25 ఏళ్లవాళ్లకి యంగ్ ఆర్టిస్ట్ స్కాలర్‌షిప్ ఇస్తుంది, నెలకి 5,000, రెండేళ్లు. 25 నుంచి 40 మధ్య అయితే జూనియర్ ఫెలోషిప్, నెలకి 10,000, అది కూడా రెండేళ్లు. నోటిఫికేషన్ వచ్చినప్పుడు లెక్కలు ఒకసారి సరిచూసుకోండి. వీటితో ఉన్న చిక్కు ఏంటంటే ఫారంలో ఏదో ఒక రంగం ఎంచుకోవాలి, మీరేమో రెండిట్లో ఉంటారు. ఏ పనికి పాత రుజువులు ఎక్కువున్నాయో ఆ గడి టిక్ పెట్టండి, రెండోదాన్ని ప్రాజెక్ట్ వివరంలో తీసుకురండి.

బెంగళూరులో ఇండియా ఫౌండేషన్ ఫర్ ది ఆర్ట్స్ 1995 నుంచి గ్రాంట్లిస్తోంది, ప్రతిపాదన ఇంగ్లీష్‌లోనే రాయాలని లేదు, తెలుగులో కూడా పంపొచ్చు. ఈ సంగతి మనవాళ్లలో చాలామందికి తెలియదు, ఇంగ్లీష్ భయంతోనే ఆగిపోతారు. ఢిల్లీ ఖిర్కీలో ఖోజ్ ఉంది, 1997లో మొదలైంది, పర్ఫార్మెన్స్‌ని గ్యాలరీలు పట్టించుకోని రోజుల్లోనే చోటిచ్చిన సంస్థ. చదువు అప్పుడే అయినవాళ్ల కోసం పీర్స్ అనే రెసిడెన్సీ నడుపుతుంది. ఇన్లాక్స్ ఫౌండేషన్ వాళ్లు యువ ఆర్టిస్టులకి ఫైన్ ఆర్ట్ అవార్డిస్తారు. డిసెంబరులో గోవాలో సెరెండిపిటీ ఆర్ట్స్ ఫెస్టివల్ జరుగుతుంది, అప్లై చేయకపోయినా ఒకసారి రైలుకి జనరల్ టికెట్ కొనుక్కుని వెళ్లి నాలుగు రోజులు తిరిగి రండి, ఏం జరుగుతోందో కళ్లతో చూస్తేనే తెలుస్తుంది.

బడ్జెట్ రాసేటప్పుడు అందరూ చేసే తప్పు, తమకి ఫీజు రాసుకోకపోవడం. నేను 60,000 బడ్జెట్ అయితే ఇలా వేస్తాను: నా ఫీజు 20,000, రికార్డింగ్ 15,000, వస్తువులు 8,000, ప్రయాణం తిండి 9,000, సాయం చేసేవాళ్లకి 5,000, అనుకోని ఖర్చుకి 3,000. రికార్డింగ్‌కి పావు వంతు ఎందుకంటారా, పైన చెప్పిందంతా మళ్లీ చదవండి. ఫీజు మీద పదో వంతు టీడీఎస్ (ముందే కోసుకునే ఆదాయపు పన్ను) పట్టుకుని ఇస్తే అది పోయినట్టు కాదు, ఆదాయం తక్కువే కదా, రిటర్న్ వేస్తే వెనక్కి వస్తుంది. చాలామంది వేయరు.

ఒక చోట, పేరెందుకులెండి, ఎగ్జిబిషన్ ప్రారంభానికి ఫ్రీగా పర్ఫార్మ్ చేయమన్నారు, "పెద్దవాళ్లొస్తారు, పేరొస్తుంది" అని. చేశాను. పెద్దవాళ్లు వచ్చారు, సమోసాలు తిన్నారు, వెళ్లారు. ఆటో డబ్బులు కూడా నావే. ఇప్పుడైతే డబ్బులివ్వలేమంటే నేను మూడు అడుగుతాను. వస్తువుల ఖర్చు, దారి ఖర్చు, మంచి కెమెరా రికార్డింగ్ కాపీతో సహా. ఈ మూడూ ఇస్తే కొత్తల్లో ఒప్పుకోవచ్చు, ఏదీ ఇవ్వనంటే నమస్తే.

కాగితం మీద పెట్టాల్సినవి

కాపీరైట్ చట్టంలో మనకి సూటిగా తగిలే సంగతులు కొన్ని ఉన్నాయి. డబ్బులిచ్చి ఫోటోలు, వీడియో తీయించుకుంటే, వేరే ఒప్పందం లేనప్పుడు, హక్కు డబ్బులిచ్చినవాళ్లది. అంటే గ్యాలరీవాళ్లు ఫోటోగ్రాఫర్‌కి డబ్బులిస్తే మీ ఫోటోలు గ్యాలరీవి. ఫ్రెండ్ ఉచితంగా తీస్తే ఫ్రెండువి. ఎవరైనా డబ్బులిచ్చి మీతో పెయింటింగ్ వేయించుకున్నా ఇదే సూత్రం, అది మర్చిపోకండి. కాబట్టి ఎంత దగ్గర స్నేహితుడైనా ఒక మెయిల్‌లో "ఈ ఫోటోలు నువ్వు ఎక్కడైనా నీ పేరుతో చూపించుకోవచ్చు, నేను ఎగ్జిబిషన్లకి, అమ్మకానికి వాడుకోవచ్చు" అని రాసుకుని ఇద్దరూ ఒప్పుకుంటే సరిపోతుంది. ప్రదర్శించినవాళ్లకి విడిగా పర్ఫార్మర్ హక్కు కూడా ఉంది, 50 ఏళ్లు. హక్కులు రాసిచ్చే కాగితంలో గడువు రాయకపోతే ఐదేళ్లనీ, ఎక్కడికో రాయకపోతే ఇండియా వరకేననీ చట్టం అనుకుంటుంది, అందుకే సంతకం పెట్టేముందు "శాశ్వతంగా, ప్రపంచమంతటా" అన్న మాటలు ఎక్కడ దాక్కున్నాయో వెతకండి.

ఇక శరీరం. ఎక్కువ గంటలు చేసే పనికి ఒక కాపలా మనిషి ఉండాలి, ఆపేయమనే అధికారం ముందే అతనికిచ్చేయాలి, ఎందుకంటే ఆ ఊపులో మీరు ఆపరు. నీళ్లు, మందులు దగ్గర పెట్టుకోండి. రోడ్డు మీద చేయాలంటే పోలీసు పర్మిషన్ కోసం ముందే లెటర్ ఇచ్చి, దాని కాపీ జేబులో ఉంచుకోండి. హైదరాబాద్‌లో ఫుట్‌పాత్ మీద ఏం చేసినా మొదటి ప్రశ్న "సినిమా షూటింగా?" అనే. కాదంటే సగం మంది వెళ్లిపోతారు, మిగిలిన సగమే మీ అసలు ప్రేక్షకులు.

అమ్మకం

పర్ఫార్మెన్స్‌ని అమ్మడం కష్టం, దాంట్లోంచి పుట్టినవాటిని అమ్మొచ్చు. ఫోటోలు, వీడియోలు ఎడిషన్లుగా అమ్ముతారు. ఐదు ప్రింట్లని చెప్తే ఐదే, ఆరోది ఎవరు బతిమాలినా వేయకూడదు, ప్రతిదాని వెనకా 1/5, 2/5 అని నంబరు, సంతకం. ఎవరికి ఏది వెళ్లిందో ఒక నోట్‌బుక్‌లో రాసుకోండి. గీసిన బొమ్మలు, వాడిన వస్తువులు విడిగా. ఆ బీడీల పని రెండోసారి చేసి వెయ్యీ పూర్తి చేసినప్పుడు ఒక్కటి కూడా పంచలేదు, పాతిక చొప్పున నలభై కట్టలు కట్టి పెట్టెలో పెట్టాను. అమ్మకి చూపిస్తే కట్ట చేత్తో తూచినట్టు పట్టుకుని, దీంట్లో ఇరవై నాలుగే ఉన్నాయి అంది. విప్పి చూస్తే నిజమే. పెట్టె ధర చెప్పాక మాత్రం చాలాసేపు మాట్లాడలేదు.

దాచడం కూడా పనే. తునికాకుకి వానాకాలం పురుగు పడుతుంది, కాగితానికి చెమ్మ తగులుతుంది. సిలికా జెల్ పొట్లాలు, గాలి చొరబడని ప్లాస్టిక్ డబ్బా, నేల మీద కాకుండా అటక మీద. డబ్బా మీద పెద్ద అక్షరాలతో పని పేరు, తేదీ, "పారేయొద్దు" అని తెలుగులో రాయండి. నేను ఇంగ్లీష్‌లో రాశాను. ఓ దసరాకి ఇల్లు సర్దుతూ మావాళ్లు ఒక షో డ్రాయింగులు మొత్తం పాత పేపర్లవాడికి కిలోల లెక్కన వేసేశారు, నాలుగు కిలోలు తూగిందట.